ఆధునికం కావాలంటే పాశ్చాత్యం కావాల్సిందేనా? జపాన్ సంగతి మాట్లాడుకుందాం

మూసీ_ఒడ్డు (శనివారం, రాత్రి 9:40)

నిన్న ఆఫీసులో భోజనాల దగ్గర ఒక మాట వచ్చింది. "మనం ఇంకా పూర్తిగా మోడర్న్ కాలేదు, అందరికీ ఇంగ్లీషు వచ్చి, అమెరికావాళ్ళలా ఆలోచించేదాకా కాలేం కూడా" అన్నాడు ఒక కొలీగ్. పక్కనున్న నలుగురూ తలలూపారు. నాకు ఆ తర్వాత అన్నం సయించలేదు. వాళ్ళ మీద కోపం కాదు. ఈ మాట ఇంత తేలిగ్గా ఒప్పుకునేలా మనందరం తయారయ్యామే అని బాధ.

1960ల్లో అమెరికా ఆర్థికవేత్తలు అభివృద్ధిని మెట్ల వరుసలా చూపించారు. పై మెట్టు మీద వాళ్ళు, కింద మెట్లమీద మనం. మనం చెయ్యాల్సిందల్లా వాళ్ళ అడుగులో అడుగేసుకుంటూ ఎక్కడమే. నాకు ఈ లెక్క మొదట్నుంచీ నచ్చదు. ఎందుకు నచ్చదో చెప్పడానికి జపాన్‌ని ముందు పెడతాను.

1853లో అమెరికా నల్ల ఓడలు ఉరగా తీరానికొచ్చి లంగరు వేశాయి. తలుపులు తెరుస్తారా, ఫిరంగులు పేల్చాలా అన్నట్టు. 1868లో చక్రవర్తి పేరున నడిచే మెయిజీ ప్రభుత్వం వచ్చింది. 1871 డిసెంబరులో ఇవాకురా అనే మంత్రి నాయకత్వంలో, విద్యార్థులతో కలిపి వందమందికి పైగా ఓడెక్కారు. ప్రభుత్వంలో సగంమంది పెద్దలు అందులోనే ఉన్నారు. అమెరికా, ఇంగ్లండ్, ఫ్రాన్స్, జర్మనీ ఇంకా చాలా దేశాలు తిరిగి 1873 సెప్టెంబరులో గానీ ఇల్లు చేరలేదు. ఫ్యాక్టరీలు, బళ్ళు, జైళ్ళు, పార్లమెంట్లు చూశారు, రాసుకున్నారు. నౌకాదళం ఇంగ్లండ్‌ని చూసి కట్టుకున్నారు. సైన్యానికి ముందు ఫ్రాన్స్, తర్వాత జర్మనీ. 1889 నాటి రాజ్యాంగానికి జర్మనీలోని ప్రష్యా రాజ్యం నమూనా. సంతకెళ్ళిన ఇల్లాలు పది కొట్లు తిరిగి, వంకాయ ఒకచోట, చింతపండు ఇంకోచోట బేరమాడి తెచ్చుకున్నట్టు. వంట మాత్రం వాళ్ళ పొయ్యి మీదే.

నేననేది ఇంతే. ఆధునికత పడమటి దేశాల సొత్తు కాదు. ఏది తెచ్చుకోవాలో మనం ఎంచుకుంటే అది మనదే. మీరేమంటారు?

---

లెక్కల_మాస్టారు (శనివారం, రాత్రి 10:25)

బాబూ, చాలా మంచి టాపిక్ ఎత్తావు. కానీ "ఎంచుకున్నారు" అన్న మాట దగ్గర ఒకసారి ఆగుదాం.

తలమీద తుపాకి పెట్టినప్పుడు చేసే ఎంపిక ఎంతవరకు ఎంపిక? పడమటి దేశాలతో చేసుకున్న 1858 ఒప్పందాల ప్రకారం విదేశీయుడు జపాన్‌లో నేరం చేస్తే వాడి దేశపు కాన్సులే విచారించాలి. దిగుమతుల మీద సుంకం ఎంతో జపాన్ తనంతట తాను నిర్ణయించుకోకూడదు. ఈ విచారణ హక్కు 1899లో గానీ పోలేదు. సుంకాల మీద పూర్తి అధికారం 1911లో గానీ తిరిగి రాలేదు. అంటే యాభై ఏళ్ళ పైమాట. చట్టాలు రాసుకోవడం, కోర్టులు పెట్టుకోవడం, ఆఖరికి పెద్దమనుషులు కోటూ బూటూ వేసుకుని డాన్సులు నేర్చుకోవడం, వీటిలో చాలావరకు "మేమూ నాగరికులమే, మా సుంకం మాకివ్వండి" అని నిరూపించుకోవడానికే.

రెండోది డబ్బు. ఈ రైళ్ళకూ ఓడలకూ సొమ్ము ఎక్కణ్ణుంచి వచ్చింది? చాలావరకు రైతు దగ్గర్నుంచి. 1873లో భూమి విలువలో నూటికి మూడు వంతులు, అదీ రొక్కంగా కట్టాలన్నారు. అంతకుముందు పంటలో వాటా ఇచ్చేవాళ్ళు. ఇప్పుడు వాన పడినా పడకపోయినా, ధర ఉన్నా లేకపోయినా అదే శిస్తు. మన రాయలసీమ రైతుకి ఈ కథ కొత్తగా చెప్పక్కర్లేదు. 1876లో పెద్ద ఎత్తున తిరగబడ్డారు. మరుసటి ఏడాది రెండున్నర వంతులకు తగ్గించారు.

అదే 1873లో నిర్బంధ సైనిక సేవ తెచ్చారు. ఆ ప్రకటనలో దాన్ని "రక్తపు పన్ను" అని రాశారు. ఊళ్ళలో జనం నిజంగానే ఒంట్లోంచి రక్తం తీస్తారనుకుని భయపడ్డారు, అల్లర్లు జరిగాయి. దీన్ని వాళ్ళ అమాయకత్వం అని చాలామంది కొట్టిపారేస్తారు. నాకలా అనిపించదు. తర్వాత డెబ్బై ఏళ్ళలో జరిగిన యుద్ధాలు చూస్తే వాళ్ళకి అర్థమైందే సరైన అర్థం.

---

గున్మాలో_నేను (ఆదివారం, ఉదయం 6:05)

నమస్కారం అందరికీ. నేను జపాన్‌లో గున్మా ప్రాంతంలో ఓటా అనే ఊళ్ళో ఉంటాను, కార్ల విడిభాగాల పని. ఐదేళ్ళయింది. పోయిన శరదృతువులో తొమియోకా పట్టుమిల్లు చూడ్డానికి వెళ్ళాను. మీ ఇద్దరి మాటలూ చదువుతుంటే అదే కళ్ళముందు కదిలింది.

1872లో ప్రభుత్వం కట్టించిన మిల్లు. బ్రూనా అనే ఫ్రెంచి పట్టు నిపుణుణ్ణి పెట్టుకున్నారు, యంత్రాలు ఫ్రాన్స్ నుంచే. దారం తీసే హాలు 140 మీటర్ల పొడవు, ఒకేసారి 300 మంది కూర్చుని దారం తీసే తొట్లు. నేను ఎక్కువసేపు నిలబడింది మాత్రం పట్టుగూళ్ళ గోదాము గోడ దగ్గర. ఎర్ర ఇటుక గోడ, కానీ బరువు మోసేది ఇటుక కాదు, చెక్క దూలాలు. చెక్క చట్రం నిలబెట్టి, మధ్యలో ఇటుక పేర్చారు. ఆ ఇటుకలు కాల్చింది ఇంటికప్పు పెంకులు చేసే కుమ్మరులు. అంతకుముందు వాళ్ళు ఇటుక కాల్చిన వాళ్ళు కాదు. సిమెంటు లేదు కాబట్టి సున్నం పెట్టారు. దగ్గరికెళ్ళి చూస్తే ఇటుకకీ ఇటుకకీ రంగు తేడా తెలుస్తుంది, కొన్ని ఎక్కువ కాలాయి, కొన్ని తక్కువ. నూట యాభై ఏళ్ళు దాటినా నిలబడే ఉన్నాయి.

ఇంకో సంగతి. మిల్లు కట్టారు గానీ పనికి అమ్మాయిలు రాలేదు. ఫ్రెంచివాళ్ళు ఎర్రవైన్ తాగడం చూసి, ఆడపిల్లల రక్తం తాగుతారని పుకారు లేచింది. మాస్టారు చెప్పిన రక్తపు పన్ను భయమే ఇక్కడా! అప్పుడు మొదటి డైరెక్టర్ ఒదాకా తన సొంత కూతురు యూని, పద్నాలుగేళ్ళ పిల్లని, పనిలో చేర్పించాడు. ఆ తర్వాతే మిగతావాళ్ళు వచ్చారు. ఇక్కడ నేర్చుకున్న అమ్మాయిలు సొంత ఊళ్ళకు వెళ్ళి మిగతావాళ్ళకు నేర్పారు.

---

పడుగు_పేక (ఆదివారం, ఉదయం 8:50)

ఇది చదివాక రాయకుండా ఉండలేకపోయాను. మాది పోచంపల్లి పక్కన, చేనేత ఇల్లు.

ఆసు పోయడం ఎంతమందికి తెలుసో తెలీదు. రంగులు అద్దే ముందు పట్టు దారాన్ని ఒకవైపు మేకు నుంచి ఎదురుగా అర్ధచంద్రాకారంలో ఉన్న మేకుల చుట్టూ చేత్తో తిప్పాలి. చెయ్యి ముందుకీ వెనక్కీ, ఒక చీరకి దగ్గరదగ్గర తొమ్మిది వేలసార్లు. ఈ పని మా ఇళ్ళలో ఆడవాళ్ళది. మా అమ్మ ముప్పై ఏళ్ళు పోసింది. రాత్రి పడుకునేముందు కుడి భుజానికి ఉప్పు కాపడం పెట్టించుకునేది. ఇప్పటికీ ఆ చెయ్యెత్తి జడ వేసుకోలేదు, మా చెల్లెలు వేస్తుంది.

ఆలేరు దగ్గర శారాజీపేటలో చింతకింది మల్లేశం గారు వాళ్ళమ్మ లక్ష్మమ్మ పడే ఇదే నొప్పి చూసి 1999లో ఆసు యంత్రం చేశారు. పెద్ద చదువులేమీ లేవు. యంత్రానికి అమ్మ పేరే పెట్టుకున్నారు. నాలుగైదు గంటల పని గంటన్నరకు వచ్చింది. 2017లో పద్మశ్రీ ఇచ్చారు. మా ఇంట్లోకి ఆ యంత్రం వచ్చిన రోజు మా అమ్మ దాని ముందు కూర్చుని చాలాసేపు ఊరికే చూసింది, ముట్టుకోలేదు.

జపాన్‌లో కూడా ఇలాంటి మనిషే ఒకాయన ఉన్నాడు. తొయోదా సకిచి. వడ్రంగి కొడుకు, తల్లి మగ్గం నేసేది. 1890లో తోక్యోలో జరిగిన పారిశ్రామిక ప్రదర్శనకు వెళ్ళి యంత్రాలు చూసొచ్చాడు, అదే ఏడాది చెక్కతో చేతిమగ్గం చేసి మరుసటేడు పేటెంట్ తీసుకున్నాడు. తర్వాత మరమగ్గం, 1924లో దారం తెగితే దానంతటదే ఆగే ఆటోమేటిక్ మగ్గం. 1929లో ఆ పేటెంట్‌ని ఇంగ్లండ్ కంపెనీయే కొనుక్కుంది. మాంచెస్టర్ బట్ట మన మగ్గాలను ముంచిన సంగతి మా తాతలు కథలుగా చెప్పేవాళ్ళు. ఆ మాంచెస్టర్ ప్రాంతపు కంపెనీయే జపాన్ వడ్రంగి కొడుకు దగ్గర మగ్గం కొనుక్కుంది! ఈ సంగతి మొదటిసారి తెలిసినప్పుడు నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

పాశ్చాత్యమా కాదా అన్నది నాకు రెండో ప్రశ్న. ఇంట్లో ఎవరి చెయ్యి నొస్తోందో చూసి మొదలైన యంత్రం వేరు, పైనుంచి ఆర్డరుగా వచ్చిన యంత్రం వేరు.

---

కృష్ణాతీరం (ఆదివారం, ఉదయం 10:15)

పడుగు_పేక అన్నా, అమ్మగారికి నా నమస్కారాలు చెప్పండి.

భాష సంగతి ఎవరూ ఎత్తలేదేం? మూసీ_ఒడ్డు గారి కొలీగ్ అన్నది అదే కదా. జపాన్‌లోనూ ఆ మాట అన్నవాళ్ళున్నారు. 1872 ప్రాంతంలో అమెరికాలో జపాన్ ప్రతినిధిగా ఉన్న మోరి అరినోరి, జపనీస్‌తో పని జరగదు, ఇంగ్లీషునే సులువు చేసి మా దేశానికి తెచ్చుకుంటాం అని అక్కడి భాషా పండితుడు విట్నీకి రాశాడు. అమెరికన్ అయిన విట్నీయే, ఆ పని చెయ్యొద్దు, చదువుకున్న కొద్దిమందికీ మామూలు జనానికీ మధ్య అగాధం వస్తుంది అని సలహా ఇచ్చాడు. మోరి ఆ తర్వాత 1885లో దేశానికి విద్యామంత్రి కూడా అయ్యాడు, అయినా ఇంగ్లీషు రాలేదు.

మొదట్లో తోక్యో విశ్వవిద్యాలయంలో విదేశీ ప్రొఫెసర్లు వాళ్ళ భాషల్లోనే చెప్పేవాళ్ళు. 1880ల నుంచి మెల్లగా జపనీస్‌లోకి మారారు. ఊరికే మారిపోలేదు, మాటలు తయారుచేసుకున్నారు. తత్వశాస్త్రానికి ఈనాడు జపాన్‌లోనే కాదు, చైనాలో కూడా వాడే మాట నిషి అమానే అనే ఆయన కూర్చిందే.

---

మూసీ_ఒడ్డు (ఆదివారం, మధ్యాహ్నం 12:30)

కృష్ణాతీరం గారూ, సరిగ్గా ఇక్కడే మన హైదరాబాద్ వస్తుంది! 1918లో ఉస్మానియా పెట్టినప్పుడు బోధన ఇంగ్లీషులో కాదు, ఉర్దూలో. దానికి ఏడాది ముందే అనువాద విభాగం పెట్టి సైన్సు, చరిత్ర, న్యాయశాస్త్రం పుస్తకాలు ఉర్దూలోకి తెచ్చారు. ఆఖరికి వైద్యం, ఇంజనీరింగ్ కూడా ఉర్దూలోనే చెప్పారు. బ్రిటిష్ పాలనలో ఉన్న ప్రాంతాల్లో కాలేజీ అంటే ఇంగ్లీషే అన్న రోజుల్లో!

ఇంకా బాగుంది వినండి. నిజాం ప్రభుత్వ విద్యాశాఖ డైరెక్టర్ రాస్ మసూద్, 1922లో పనిగట్టుకుని జపాన్ వెళ్ళాడు. సొంతభాషలో చదువు చెప్పి ఒక ఆసియా దేశం ఎలా పైకొచ్చిందో చూసి, మరుసటి ఏడాది ప్రభుత్వానికి పెద్ద రిపోర్టు ఇచ్చాడు. అంటే లండన్ వైపు కాకుండా తోక్యో వైపు చూసిన హైదరాబాద్ ఒకటుంది. మనకి బళ్ళో ఎవరూ చెప్పలేదు.

---

ఆలంపూర్_పిల్ల (ఆదివారం, మధ్యాహ్నం 2:10)

అన్నా, నువ్వు గర్వంగా రాశావు, కాదనను. కానీ ఆ "సొంతభాష" ఎవరి సొంతం?

సంస్థానంలో ఎక్కువమంది ఇంటిభాష తెలుగు. మరాఠీ, కన్నడ ఇళ్ళు కూడా ఉన్నాయి. 1921 నవంబరులో హైదరాబాద్‌లో ఒక సంస్కరణ సభ జరిగింది. ఇంగ్లీషులో, ఉర్దూలో, మరాఠీలో మాట్లాడితే విన్నారు. ఆలంపల్లి వెంకటరామారావు గారు తెలుగులో లేచి మాట్లాడబోతే గోల చేసి మాట్లాడనివ్వలేదు. ఆ అవమానంలోంచే ఆంధ్ర జనసంఘం పుట్టింది. మీరు చెప్పిన గొప్ప విశ్వవిద్యాలయం అప్పటికి మూడేళ్ళది.

మా తాత ఉర్దూ మీడియంలో చదివాడు. లెక్కలు ఉర్దూలోనే చేసేవాడు, ఎక్కాలు నిద్రలో అడిగినా ఉర్దూలో చెప్పేవాడు. పట్వారీ కాగితాలన్నీ చదివేవాడు. కానీ తెలుగులో ఉత్తరం రాయడం రాదు. పట్నంలో ఉన్నప్పుడు మా నాయనమ్మకు పక్కింటాయనతో రాయించేవాడు, ఇక్కడ ఆమెకు ఇంకొకరు చదివి వినిపించేవాళ్ళు. మొగుడూ పెళ్ళాల మధ్య ఇద్దరు బయటివాళ్ళు! మా నాయనమ్మ ఈ ముచ్చట చెప్పినప్పుడల్లా నవ్వేది కాదు.

ఇంగ్లీషు కాకపోతే చాలు, అది మనదే అనుకోవడం నాకు కుదరట్లేదు.

---

విశాఖ_రేవు (ఆదివారం, సాయంత్రం 5:45)

నేను తక్కువే రాస్తాను. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం రేవు మీద బాంబులు పడ్డాయి. అదే రోజు కాకినాడ మీదా. వేసింది జపాన్ నౌకాదళం విమానాలు. ఇంగ్లండ్‌ని చూసి కట్టుకున్నారని పైన రాశారే, ఆ నౌకాదళమే.

మా అమ్మమ్మకు అప్పుడు తొమ్మిదేళ్ళు. పొయ్యి మీద అన్నం అలాగే వదిలేసి, ఎడ్లబండి దొరక్క, వాళ్ళమ్మ చెయ్యి పట్టుకుని విజయనగరం వైపు నడిచారు. ఊళ్ళో సగం జనం అదే దారిలో. చనిపోయేదాకా విమానం చప్పుడు వింటే వంటింట్లోకి వెళ్ళి పొయ్యి ఆర్పేసేది.

1895లో తైవాన్, 1910లో కొరియా. కొరియావాళ్ళకి వాళ్ళ పేర్లు కూడా మార్చుకోమన్నారు. 1916లో టాగూరు జపాన్ వెళ్ళి, పడమటి దేశాల నుంచి ఈ జాతి గర్వాన్ని మాత్రం తెచ్చుకోకండి అని వాళ్ళ ముఖం మీదే చెప్పాడు. మొదట ఘనంగా స్వాగతించినవాళ్ళే తర్వాత ముఖం చాటేశారు. సంతలో ఏరి తెచ్చుకున్న సరుకులో ఇది కూడా ఉంది మూసీ_ఒడ్డు గారూ.

---

మూసీ_ఒడ్డు (ఆదివారం, రాత్రి 8:20)

చదివాను. రెండుసార్లు చదివాను. మొదటి పోస్టులో నేను "మనం ఎంచుకుంటే" అని తేలిగ్గా రాసేశాను. ఆ "మనం"లో రైతు లేడు, ఆలంపూర్ నాయనమ్మ లేదు, కొరియావాళ్ళు ముందే లేరు. ఒప్పుకుంటున్నాను.

---

బెజవాడ_ఇంజనీర్ (ఆదివారం, రాత్రి 9:30)

నేను కొంచెం ఎదురు వాదిస్తాను, ఎవరూ ఏమీ అనుకోకండి.

అన్నీ నిజమే. కానీ జపాన్ ఆ రాగి, ఆ ఇనుము, ఆ ఓడలు సంపాదించుకోకపోయి ఉంటే ఏమయ్యేది? చుట్టూ చూడండి. 1900 నాటికి ఆసియాలో ఎవరి జెండా వాళ్ళు ఎగరేసుకున్న దేశాలు వేళ్ళమీద లెక్కపెట్టొచ్చు. మోక్షగుండం విశ్వేశ్వరయ్య గారు 1898లోనే జపాన్ వెళ్ళి చూసొచ్చారు. వాళ్ళ పూర్వీకుల ఊరు మోక్షగుండం మన ఆంధ్రాలోదే. జీవితాంతం పరిశ్రమలు, సాంకేతిక విద్య అని ఆయన పోరింది ఊరికే కాదు. 1908లో మూసీ వరద హైదరాబాద్‌ని ముంచేస్తే, ఆ వరదను అదుపు చెయ్యడానికి పిలిచింది కూడా ఆయన్నే.

నా సంగతే చెప్తాను. మా నాన్నకు మూడెకరాలు. సాగర్ కాలువ నీళ్ళు రాకముందు జొన్న, కంది, అదీ వానపడితే. నీళ్ళొచ్చాక వరి. ఆ వరి డబ్బుతో నేను ఇంజనీరునయ్యాను. ఆనకట్టని తప్పుపట్టమంటే నా నోరు రాదు.

---

లెక్కల_మాస్టారు (ఆదివారం, రాత్రి 10:05)

తప్పుపట్టమని ఎవరంటున్నారు నాయనా. లెక్కలో రెండు వైపులూ రాయమంటున్నాం, అంతే.

నువ్వు రాగి అన్నావు కాబట్టి అషియో గని గురించి చెప్తాను. 1877లో ఫురుకావా అనే వ్యాపారి ఆ గని కొన్నాడు. కొద్దికాలానికే దేశంలోకెల్లా పెద్ద రాగి గని అయింది. గని నుంచి విషం వతరాసే నదిలోకి దిగింది. ముందు చేపలు పోయాయి. 1890 వరదలో ఆ బురద పొలాలకెక్కింది, వరి ఎర్రబడి మాడిపోయింది. అక్కడి పార్లమెంటు సభ్యుడు తనకా షోజో పదేళ్ళు సభలో అరిచాడు. వినలేదు. 1901 డిసెంబరు 10న, పదవి వదిలేసి, చక్రవర్తి బండికి అడ్డంగా పరిగెత్తి అర్జీ ఇవ్వబోయాడు. పోలీసులు పట్టుకున్నారు. పిచ్చివాడని వదిలేశారు.

ఆ తర్వాత ప్రభుత్వం చేసిందేమిటి? గని మూయలేదు. వరద నీరు నిలవడానికి చెరువు కావాలని యనకా అనే ఊరినే తీసేసింది. 1907లో, కదలబోమని భీష్మించుకున్న పదహారు ఇళ్ళను కూల్చేశారు. అప్పటికే తనకా వాళ్ళతోపాటు ఉంటున్నాడు. 1913లో పోయేదాకా వాళ్ళ మధ్యే తిరిగాడు. నిజమైన నాగరికత కొండల్ని, నదుల్ని పాడుచెయ్యదు, ఊళ్ళని కూల్చదు, మనుషుల్ని చంపదు అని చివరి రోజుల్లో డైరీలో రాసుకున్నాడు. ఆయన నాగరికత అనే మాటని వదిలెయ్యలేదు, గమనించండి. దాన్ని మంత్రుల చేతుల్లోంచి లాక్కుని యనకా రైతుల చేతుల్లో పెట్టాడు. నాకు జపాన్ ఆధునికతలో అందరికంటే గొప్పగా కనిపించేది ఈయనే.

గున్మాలో_నేను, ఆ ఊరు మీకు దగ్గరే కదా. వీలైతే ఒకసారి వెళ్ళి చూసి చెప్పగలవా?

---

ఆలంపూర్_పిల్ల (ఆదివారం, రాత్రి 10:40)

బెజవాడ అన్నా, మీ నాన్నగారి మూడెకరాలకు నీళ్ళు రావడం నాకూ సంతోషమే. కానీ మా అమ్మమ్మోళ్ళ ఊరు శ్రీశైలం కింద మునిగింది. 1981లో వెళ్ళగొట్టారు. కర్నూలు, మహబూబ్‌నగర్ రెండువైపులా కలిపి సుమారు వంద ఊళ్ళు. కూడలి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయికీ నంబరు వేసి విప్పి, ఆలంపూర్ తెచ్చి మళ్ళీ కట్టారు. చాలా మంచి పని, మేమూ వెళ్ళి దండం పెట్టుకుంటాం. మా అమ్మమ్మ ఇంటి గోడలకు మాత్రం ఎవరూ నంబర్లు వెయ్యలేదు.

---

బెజవాడ_ఇంజనీర్ (ఆదివారం, రాత్రి 11:15)

చెల్లెమ్మా, దీనికి నా దగ్గర సమాధానం లేదు. సాగర్ కింద మునిగిన ఊళ్ళ పేర్లు నాకు ఒక్కటీ తెలీదని ఇప్పుడే గమనించాను. మా కాలువ నీళ్ళు ఆ ఊళ్ళ మీద నుంచే వస్తాయి. రేపు నాన్నని అడుగుతాను, ఆయనకు తెలిసుండొచ్చు.

---

గున్మాలో_నేను (తరువాతి ఆదివారం, సాయంత్రం 4:30)

మాస్టారూ, ఇవాళ వెళ్ళొచ్చాను. మా ఊరి నుంచి కారులో గంట లోపే.

ఇప్పుడది పెద్ద పార్కు, పక్షుల్ని చూడ్డానికి వస్తారు. చెరువు పక్కన పిల్లలు సైకిళ్ళు తొక్కుతున్నారు. కొంచెం లోపలికి నడిస్తే రెల్లు మొదలవుతుంది, నా తలకంటే ఎత్తు. ఆ రెల్లు మధ్య అక్కడక్కడా మట్టి దిబ్బలు. వరద వచ్చినా మునగకుండా దిబ్బ పోసి దానిమీద ఇల్లు కట్టుకునేవాళ్ళట. ఇళ్ళు లేవు, దిబ్బలు మిగిలాయి. ఏ దిబ్బ మీద ఎవరి ఇల్లుండేదో చెప్పే పలకలు ఉన్నాయి. గుడి ఉన్న చోటు ఒకటి, శ్మశానం ఒకటి. సమాధి రాళ్ళు నాచుపట్టి, కొన్ని ఒరిగిపోయాయి.

ఒక రాయి ముందు తాజా పూలున్నాయి. నూరేళ్ళు దాటింది కదా, ఎవరు పెట్టారా అనుకున్నాను. చుట్టూ ఎవరూ లేరు, గాలికి రెల్లు చప్పుడు తప్ప ఏమీ వినపడలేదు. చాలాసేపు అక్కడే ఉన్నాను. ఆలంపూర్ చెల్లెమ్మ రాసిందే గుర్తొచ్చింది. ఒక మాట అడగొచ్చా? వేసవిలో నీళ్ళు తగ్గితే మీ అమ్మమ్మగారి ఊరు బయటపడుతుందా?

---

ఆలంపూర్_పిల్ల (తరువాతి ఆదివారం, రాత్రి 7:50)

కొంత బయటపడుతుంది అన్నా. బావి గట్టు, రచ్చబండ కనిపిస్తాయని మా మామ చెప్పాడు. నేను ఎప్పుడూ పోలేదు. అమ్మ పోనిచ్చేది కాదు, చూడలేనంటుంది.

మీరు రాసింది ఇందాక అమ్మకు చదివి వినిపించాను. పూలు ఎవరు పెట్టారు అని అడిగింది. తెలీదన్నాను. కాసేపాగి, ఏప్రిల్‌లో నీళ్ళు ఎక్కడిదాకా దిగుతాయో మామకు ఫోన్ చేసి కనుక్కోమంది.